దెబ్బతిన్న మోకాలికి వ్యాయామం: వాపు చెప్పే లెక్క

కాలికి దెబ్బ తగిలినవాళ్లు దాన్ని రెండు రకాలుగా చెడగొట్టుకుంటారు. కొందరు భయపడి కాలే కదపరు. వారాలు గడిచేసరికి కీలు బిగుసుకుపోతుంది, తొడ కంటికి కనబడేంతగా చిక్కిపోతుంది. ఇంకొందరు నొప్పి కాస్త తగ్గగానే పాత లెక్కలోకి దూకేస్తారు. సగం మానింది మళ్లీ తెగుతుంది. ఈ రెంటికీ మధ్య దారి దొరకాలంటే ఒక కొలత కావాలి. అందరూ నొప్పినే కొలతగా పెట్టుకుంటారు గానీ, మోకాలి విషయంలో దాన్ని సగమే నమ్మాలి. వ్యాయామం చేస్తున్నప్పుడు ఒళ్లు వేడెక్కి ఉంటుంది కాబట్టి నొప్పి అంతగా తెలియదు. ఇవాళ చేసింది ఎక్కువైందో లేదో మోకాలు రేపు పొద్దున చెబుతుంది. అదీ ఎక్కువగా వాపు రూపంలోనే చెబుతుంది.

వ్యాయామంతో తేలనివి

కొన్ని లక్షణాలుంటే వ్యాయామం సంగతి తర్వాత, ముందు డాక్టరు దగ్గరికి వెళ్లాలి. దెబ్బ తగిలినప్పుడూ ఆ తర్వాతా నాలుగడుగులు వెయ్యలేకపోవడం, మోకాలు 90 డిగ్రీల దాకా మడవలేకపోవడం, మోకాలి చిప్పను నొక్కితే చిప్ప మీదే నొప్పి, మోకాలికి కాస్త కింద బయటివైపు చేతికి తగిలే ఎముక బుడిపె మీద నొప్పి, వయసు 55 గానీ అంతకన్నా ఎక్కువ గానీ ఉండటం: వీటిలో ఏ ఒక్కటి ఉన్నా ఎక్స్‌రే తీయించాలి. అత్యవసర విభాగాల్లో డాక్టర్లు వాడే ఒట్టావా మోకాలి నియమాలు ఇవే.

వాపు ఎంత వేగంగా వచ్చిందో గుర్తుపెట్టుకుని డాక్టరుకు చెప్పండి. గంటా రెండు గంటల్లో మోకాలు బంతిలా ఉబ్బితే లోపల రక్తం చేరినట్టు లెక్క. ఏసీఎల్ (మోకాలి లోపల తొడ ఎముకనూ కాలి ఎముకనూ పట్టి ఉంచే ముందువైపు లిగమెంటు) తెగడమో, ఎముక చిట్లడమో, చిప్ప పక్కకు జారడమో అయి ఉండొచ్చు. మర్నాటికి మెల్లగా వాచిందంటే మెనిస్కస్, అంటే రెండు ఎముకల మధ్య మెత్తలా ఉండే మృదులాస్థి వైపు అనుమానం ఎక్కువ. మోకాలు ఒకచోట ఇరుక్కుపోయి చాపడానికి రాకపోయినా, పడుకుని కాలు నిటారుగా అంగుళం కూడా పైకి లేపలేకపోయినా ఆలస్యం చెయ్యకూడదు. రెండోది చిప్పకు పైనో కిందో ఉన్న టెండన్ (కండరాన్ని ఎముకకు కలిపే తాడులాంటి భాగం) పూర్తిగా తెగిందనడానికి గుర్తు కావచ్చు. దాన్ని ఎంత తొందరగా కుడితే అంత మంచిది.

పిండికట్టు వేసుకున్నవాళ్లూ ఆపరేషన్ అయినవాళ్లూ ఇంకో రెండింటిని కనిపెట్టుకుని ఉండాలి. ఒక కాలి పిక్క మాత్రమే వాచి, వెచ్చబడి, నొక్కితే నొప్పిగా ఉంటే రక్తనాళంలో రక్తం గడ్డకట్టి ఉండొచ్చు. అలాంటి పిక్కను మర్దన చెయ్యకూడదు, దాంతో వ్యాయామమూ చెయ్యకూడదు, అదే రోజు చూపించాలి. దానికి తోడు ఆయాసమో ఛాతీలో పోటో వస్తే నేరుగా అత్యవసర విభాగానికే వెళ్లాలి. ఇక కట్టు లోపల నొప్పి మందులకు లొంగకుండా పెరుగుతూ, కాలివేళ్లు ఎవరైనా కదిపితే ప్రాణం పోయినట్టవుతూ, తిమ్మిరెక్కుతుంటే అది గంటల్లో కండరాన్ని చంపేసే పరిస్థితి. తెల్లారేదాకా ఆగకూడదు. జ్వరంతో పాటు మోకాలు ఎర్రగా కాలిపోతున్నా అంతే.

డాక్టరును అడిగి కాగితం మీద రాయించుకోవాల్సినవి

"మెల్లగా నడవండి, వ్యాయామం చెయ్యండి" అన్న మాటతో బయటికి రావద్దు. ఈ కాలి మీద ఎంత బరువు మోపొచ్చు? మోకాలు ఎన్ని డిగ్రీల దాకా మడవొచ్చు? ఏ కదలిక నిషిద్ధం, ఎన్నాళ్ల దాకా? పడుకునేటప్పుడు బ్రేస్ (మోకాలికి తొడిగే ఆసరా పట్టీ) తియ్యొచ్చా? ఈ నాలుగింటికి జవాబు తెలియకుండా ఏ వ్యాయామమూ మొదలుపెట్టకూడదు. కింద చెప్పినదానికీ మీ సర్జన్ చెప్పినదానికీ తేడా వస్తే సర్జన్ మాటే చెల్లుతుంది. లోపల ఏది ఎలా కుట్టారో ఆయనకు తెలుసు.

బరువు విషయంలో చెప్పే మాటలు సాధారణంగా ఇలా ఉంటాయి: అసలు మోపొద్దు, బొటనవేలు ఆనించడం వరకే, ఇన్ని కిలోలు మోపొచ్చు, ఓర్చుకున్నంత మోపొచ్చు. "20 కిలోలు" అంటే పాదానికి ఎలా ఉంటుందో ఊహించి చెప్పడం ఎవరివల్లా కాదు. బరువు చూసుకునే మిషన్ మీద దెబ్బ కాలు పెట్టి, అంతే ఎత్తున్న చెక్క మీదో పుస్తకాల మీదో మంచి కాలు ఉంచండి. చంకకర్రల మీద చేతులతో ఊతం తీసుకుంటూ, 20 చూపేదాకా మెల్లగా ఒత్తండి. ఆ ఒత్తిడి పాదానికి గుర్తుండేదాకా పది, పదిహేనుసార్లు చేసి, ఆ తర్వాత అంకె చూడకుండా ఒత్తి సరిచూసుకోండి. నడకలో పడే బరువు నిలబడి ఒత్తినదానికన్నా దాదాపు ఎప్పుడూ ఎక్కువే ఉంటుంది కాబట్టి కొంచెం తక్కువలో ఉండేలా అలవాటు చేసుకోవడం మేలు.

చంకకర్రల మీద బరువు మోయాల్సింది చేతులు. కర్ర పైభాగానికీ చంకకూ మధ్య రెండు, మూడు వేళ్ల సందు ఉండాలి. చంకలో ఆనించి వేలాడితే అక్కడి నరం నలిగి చెయ్యి తిమ్మిరెక్కుతుంది. ఒకే కర్రతో నడిచేటప్పుడు అది దెబ్బ కాలికి ఎదురువైపు చేతిలో ఉండాలి. చూస్తే తిరకాసుగా అనిపిస్తుంది గానీ మామూలు నడకలో కుడి కాలితో పాటు ముందుకు వచ్చేది ఎడమ చెయ్యే కదా. నిలబడి చెయ్యి వదిలేస్తే మణికట్టు మడత దగ్గరికి కర్ర పిడి రావాలి. మెట్లు ఎక్కేటప్పుడు మంచి కాలు ముందు. దిగేటప్పుడు కర్ర, దెబ్బ కాలు ముందు. కర్ర ఎప్పుడు వదలాలంటే, వదిలినా కుంటకుండా నడవగలిగినప్పుడు. కుంటుతూ కర్ర లేకుండా తిరగడం ధైర్యం కింద లెక్క కాదు. కుంటు అలవాటుపడితే దాన్ని మాన్పించడం దెబ్బ మాన్పించడం కన్నా కష్టం.

పొద్దుటి పరీక్ష

రోజూ పొద్దున మంచం దిగకముందే టేపుతో మోకాలి చుట్టుకొలత తీసుకోండి. కాలు చాపి, చిప్ప నడిమధ్య మీదుగా, చర్మం నొక్కుకుపోకుండా టేపు చుట్టాలి. చిప్ప మధ్యలో పెన్నుతో చిన్న గుర్తు పెట్టుకుంటే రోజూ ఒకేచోట వస్తుంది. రెండో మోకాలు కూడా కొలిచి పక్కనే రాయండి. నిన్నటికన్నా 1 సెంటీమీటరు పెరిగిందంటే నిన్న చేసింది ఎక్కువైంది. అర సెంటీమీటరు తేడా టేపు పట్టుకోవడంలోనే వచ్చేస్తుంది, దానికి కంగారు పడక్కర్లేదు.

కొద్దిపాటి నీరు టేపుకు దొరకదు. దానికి ఇంకో పద్ధతి ఉంది. కాలు చాపి, వదులుగా ఉంచి, చిప్పకు లోపలివైపు గుంటను అరచేత్తో కింది నుంచి పైకి రెండు మూడుసార్లు నిమరండి. తర్వాత బయటివైపు పైనుంచి కిందికి ఒకసారి నిమరండి. లోపలివైపు గుంటలోకి నీరు అలలా తిరిగొచ్చి ఉబ్బితే వాపు ఇంకా ఉన్నట్టే. మొదట్లో చేతకాదు, మంచి మోకాలితో పోల్చి చూస్తూ వారం చేస్తే తెలుస్తుంది.

వాపుకు ఇంత విలువ ఎందుకంటే, మోకాల్లో నీరు చేరగానే నరాలు తొడ ముందు కండరాన్ని, అంటే క్వాడ్రిసెప్స్‌ను, సగం ఆపేస్తాయి. ఏ దెబ్బా లేని మోకాళ్లలోకి ఉప్పునీరు ఎక్కించి చూసిన ప్రయోగాల్లో కూడా ఇదే కనబడింది. చిప్పకు లోపలివైపు ఉండే కండర భాగం 20, 30 మిల్లీలీటర్లకే మందగించింది. అంటే వాచిన మోకాలితో ఎంత కష్టపడినా కండరానికి అందేది తక్కువ. ముందు వాపు దిగాలి, ఆ తర్వాతే బలం.

నొప్పిని 0 నుంచి 10 దాకా అంకెల్లో చెప్పుకోండి. చేస్తున్నప్పుడు 3 దాకా ఫర్వాలేదు. ఆపాక ఒకటి రెండు గంటల్లో మొదటి స్థాయికి దిగాలి, మర్నాడు పొద్దున ముందురోజు పొద్దుటికన్నా ఎక్కువ ఉండకూడదు. తొడ మధ్యలో, పిరుదుల్లో ఒకటి రెండు రోజులు ఉండే పచ్చి నొప్పి కండరం పనిచేసినందుకు వచ్చేది, దాన్ని పట్టించుకోనక్కర్లేదు. కీలు గీత వెంట, అంటే తొడ ఎముకా కాలి ఎముకా కలిసేచోట పోటు వస్తే మాత్రం వేరే లెక్క. కలుక్కుమన్నా, కీలు జారినట్టు అనిపించినా, ఇరుక్కున్నా సెట్టు మధ్యలోనే ఆపెయ్యాలి. నొప్పి మాత్ర వేసుకుని, అది పట్టు మీద ఉండగా ఎక్కువ బరువు ఎత్తడం అంటే పొగ వాసన వస్తోందని ముక్కు మూసుకోవడమే.

మొదట చాపడం, ఆ తర్వాతే మడవడం

తొలి వారాల్లో అందరి బెంగా మోకాలు మడవడం గురించే. నిజానికి ముందు కాపాడుకోవాల్సింది పూర్తిగా చాపగలగడాన్ని. ఐదు డిగ్రీలు తక్కువైనా నడకలో కుంటు కనబడుతుంది. మడిచిన మోకాలితో నడిస్తే తొడ కండరానికి విశ్రాంతి ఉండదు, చిప్ప వెనక ఒత్తిడి పెరిగి ముందువైపు నొప్పి మొదలవుతుంది. హాయిగా ఉంటుందని మోకాలి కింద దిండు పెట్టుకుని పడుకోవడం ఇక్కడ జరిగే అతి పెద్ద పొరపాటు. దిండు పెట్టాల్సింది మడమ కింద.

కాలు చాపి పడుకుని మడమ కింద చుట్టిన తువ్వాలు పెట్టండి. పిక్క, మోకాలు పరుపుకు తగలకూడదు. కండరాలన్నీ వదులు చేసి 5 నుంచి 10 నిమిషాలు అలాగే ఉంటే కాలి బరువే మోకాలిని కిందికి దింపుతుంది. రోజుకు మూడు నాలుగుసార్లు. వెనక లాగినట్టుండాలి గాని ముందువైపు పోటు రాకూడదు. పీసీఎల్ (మోకాలి లోపలి వెనకవైపు లిగమెంటు) దెబ్బతిన్నవాళ్లు మాత్రం ఇలా చెయ్యకూడదు, కాలి ఎముక వెనక్కి జారుతుంది. వాళ్లకు పిక్క కింద కూడా ఆసరా ఉండాలి.

అదే భంగిమలో తొడ బిగించడం నేర్చుకోవాలి. మోకాలి వెనకభాగాన్ని పరుపుకేసి నొక్కుతున్నట్టుగా తొడ ముందు కండరాన్ని బిగించి 5 సెకన్లు ఉంచి వదలండి. చిప్ప తొడవైపు కదలడం కనబడాలి. పది సార్లు ఒక విడత, రోజుకు ఐదారు విడతలు. ఇక్కడ జరిగే మోసం ఏమిటంటే పిరుదులు బిగించి, తొడ కూడా బిగిసిందని అనుకోవడం. చిప్పకు లోపలివైపు పైన రెండు వేళ్లు ఆనించి ఉంచితే గట్టిపడిందో లేదో తెలిసిపోతుంది. అస్సలు బిగియ్యకపోతే ముందు మంచి కాలి తొడ బిగించి, ఆ ఊపులోనే దీన్ని ప్రయత్నించండి. ఫిజియోథెరపిస్టులు కరెంటు స్టిమ్యులేషన్ పెట్టేది కూడా దీనికే.

కాలు నిటారుగా పైకి లేపడం తర్వాతి మెట్టు. మంచి మోకాలు మడిచి పాదం ఆనించి, దెబ్బ కాలి తొడ ముందు బిగించి, ఆ బిగువుతోనే మడమను సుమారు 30 సెంటీమీటర్లు లేపి, రెండు సెకన్లు ఆగి, మెల్లగా దించాలి. పది సార్లు, మూడు సెట్లు. లేపేటప్పుడు మోకాలు కొంచెమైనా వంగిందంటే కండరం ఇంకా సిద్ధంగా లేదు. వంగిన కాలితో వంద సార్లు లేపినా పని చేసేది తుంటి ముందరి కండరమే. మళ్లీ బిగించడానికే వెళ్లండి.

మడవడానికి పడుకుని మడమను పిరుదుల వైపు జార్చుకుంటూ తెచ్చి, లాగిన చోట 5 సెకన్లు ఆగి వెనక్కి పంపండి. నేల నున్నగా ఉంటే సాక్సు వేసుకోవచ్చు. 10, 15 సార్లు, రోజుకు మూడు విడతలు. చేత్తో పట్టి బలవంతంగా వంచడం, వేరొకరి చేత వంచించడం వద్దు. వాపు పెరిగి మర్నాడు ఉన్నది కూడా పోతుంది. చీలమండను పైకీ కిందికీ ఆడించడం గంటకోసారి 20, 30 సార్లు చాలు, రక్తం నిలవకుండా చూస్తుంది.

మంచంలో ఉన్నా తుంటిని మరిచిపోకూడదు. మంచి కాలివైపు ఒత్తిగిలి పడుకుని దెబ్బ కాలిని నిటారుగా పక్కకు లేపడం, అనుమతి ఉంటే రెండు పాదాలూ ఆనించి నడుము పైకెత్తడం 12 సార్ల చొప్పున చెయ్యండి. మోకాలు లోపలికి పడిపోకుండా పట్టి ఉంచేది పిరుదుల పక్క కండరమే. ఇంకో సంగతి: ఈ రోజుల్లో మంచి కాలికి గట్టిగా బరువుతో వ్యాయామం చేయిస్తే, కదలని కాలి బలం కూడా అంతగా పడిపోదు. నరాల దారిన జరిగే ఈ లాభాన్ని ఉచితంగా వస్తున్నా చాలామంది వాడుకోరు.

ఐసు గురించి ఒక మాట. విశ్రాంతి, ఐసు, కట్టు, ఎత్తున పెట్టడం అనే సూత్రాన్ని 1978లో ప్రచారంలోకి తెచ్చింది గేబ్ మిర్కిన్ అనే అమెరికన్ డాక్టరు. ఐసు, పూర్తి విశ్రాంతి మానడాన్ని ఆలస్యం చెయ్యొచ్చని తర్వాత ఆయనే అన్నారు. నొప్పికి, వ్యాయామం తర్వాత వచ్చే వాపుకు బట్టలో చుట్టి 15 నిమిషాలు పెడితే ఉపశమనమే గానీ, ఐసు పెట్టినంత మాత్రాన దెబ్బ మానదు. స్పర్శ సరిగా లేనిచోట పెట్టకూడదు.

కాలి మీద బరువు మొదలైనప్పుడు

కాలు నిటారుగా లేచి, వాపు నిలకడగా ఉండి, పూర్తి బరువుకు అనుమతి వచ్చాక అసలు పని మొదలవుతుంది.

కుర్చీలోంచి లేచి కూర్చోవడంతో మొదలుపెట్టండి. ఎత్తైన కుర్చీ మంచిది, కావాలంటే దిండు వేసుకోండి. మూడు సెకన్లలో దిగడం, ఒక సెకనులో లేవడం, 8 నుంచి 12 సార్లు, మూడు సెట్లు. లేవగలుగుతున్నాం కదా అని మురిసిపోవద్దు. మంచి కాలు మీదే లేస్తూ ఉంటారు, అదీ తెలియకుండా. దొరికితే రెండు పాదాల కింద రెండు బరువు మిషన్లు పెట్టి చూడండి. మొదటిరోజు అంకెల తేడా ఆశ్చర్యపరుస్తుంది. మిషన్లు లేకపోతే మంచి పాదాన్ని ఒక అడుగు ముందుకు జరిపితే బరువు దానంతటదే దెబ్బ కాలి మీదికి మళ్లుతుంది.

గోడకు వీపు ఆనించి జారే సగం బస్కీలు 45 డిగ్రీల దాకానే. మోకాలు ఎంత మడిస్తే చిప్ప వెనక ఒత్తిడి అంత పెరుగుతుంది కనుక లోతు పెంచడం చివరికి ఉంచుకోవాలి. మోకాలు కాలివేళ్లు దాటి ముందుకు రాకూడదని భయపడనక్కర్లేదు. చూడాల్సింది మోకాలు లోపలికి వాలుతోందా అని. అద్దం ముందు చిప్ప రెండో కాలివేలికి సూటిగా ఉండాలి.

మెట్టు వ్యాయామానికి 10 సెంటీమీటర్ల ఎత్తున్న గట్టి పీట చాలు. దెబ్బ కాలు పైన పెట్టి లేవాలి. వెనక కాలితో నేలను తన్ని లేవడం ఇక్కడ అలవాటు మోసం. వెనక పాదం వేళ్లు పైకెత్తి మడమ మీదే ఉంచితే తన్నడానికి వీలుండదు. 10 సార్లు మూడు సెట్లు పొద్దుటి పరీక్ష పాసైతే 15, ఆ తర్వాత 20 సెంటీమీటర్లకు వెళ్లొచ్చు. మెట్టు దిగడం ఎక్కడం కన్నా బరువైన పని, దాన్ని ఒక వారం వెనకే ఉంచండి.

పిక్కకు మడమలెత్తడం: గోడ పట్టుకుని రెండు కాళ్లతో లేవడం, తర్వాత రెండింటితో లేచి ఒక కాలితో దిగడం, ఆపైన ఒక్క కాలితోనే. నిలకడకు గోడ పక్కన ఒంటికాలి మీద 30 సెకన్లు, అది కుదిరాక కళ్లు మూసుకుని, ఆ తర్వాత దిండు మీద. చీలమండ బెణికినవాళ్లకు మళ్లీ మళ్లీ బెణకకుండా కాపాడేవాటిలో ఇదీ ఒకటి.

ఉన్నచోటే కదలకుండా నిలిచి ఉండే వ్యాయామ సైకిలు మోకాలికి మంచి నేస్తం, సీటు ఎత్తు సరిగా ఉంటే. పెడల్ అట్టడుగున ఉన్నప్పుడు మోకాలు 25, 30 డిగ్రీలు వంగి ఉండాలి. సీటు కిందికుంటే చిప్ప నొక్కుకుపోతుంది. పెడల్ చుట్టూ తిరగాలంటే మోకాలు సుమారు 105, 110 డిగ్రీలు మడవాలి. అంతదాకా రానివాళ్లు ముందుకూ వెనక్కూ సగం సగం ఊపితే చాలు, బలవంతంగా తిప్పితే వాపే. అడ్డు బలం లేకుండా 5 నిమిషాలతో మొదలుపెట్టి, రెండు మూడు నిమిషాల చొప్పున 20 దాకా పెంచి, అప్పుడే బిగువు పెంచండి. నీళ్లలో నడక కూడా బాగుంటుంది. నడుము లోతులో ఒంటి బరువు దాదాపు సగమే పడుతుంది, ఛాతీ లోతులో ఇంకా తక్కువ. కానీ కుట్ల గాయం పూర్తిగా మూసుకుని పొక్కు రాలిందాకా నీళ్లలోకి దిగకూడదు.

ఎంత పెంచాలి

జిముల్లో అందరూ వల్లించే "పది సార్లు, మూడు సెట్లు" పుట్టిందే దెబ్బతిన్న కాళ్ల కోసం. రెండో ప్రపంచయుద్ధంలో గాయపడ్డ సైనికుల తొడలకు బలం తేవడానికి థామస్ డిలోర్మ్ అనే అమెరికన్ సైనిక వైద్యుడు, అప్పటిదాకా ఉన్న తేలిక కసరత్తుల బదులు అంచెలంచెలుగా పెంచే బరువులు వాడి, 1945లో ఆ పద్ధతిని ప్రకటించారు. సూత్రం ఇప్పటికీ అదే. పదోసారి చెయ్యడం కష్టమయ్యే బరువు ఉండాలి, అది తేలికైతే పెంచాలి. కష్టమే లేని వ్యాయామం నెలల తరబడి చేసినా తొడ చిక్కిపోయినట్టే ఉంటుంది.

ఒకసారికి ఒకటే మార్చండి: బరువు, సార్లు, లోతు, వేగం వీటిలో ఏదో ఒకటి. రెండు కలిపి మార్చి మర్నాడు వాచిందంటే దేనివల్ల వాచిందో తెలియదు. బరువు వ్యాయామాలు రోజు విడిచి రోజు, వారానికి మూడు. మధ్యరోజుల్లో సైకిలు, చాపడం, నిలకడ. వరసగా రెండు మూడు విడతలు పొద్దుటి లెక్క బాగుంటేనే తర్వాతి మెట్టు.

వాచిందా? పూర్తిగా మానెయ్యొద్దు. రెండు రోజులు తొడ బిగించడం, మడమ జార్చడం వరకే చేసి, కాలు గుండె కన్నా ఎత్తున పెట్టి, వాపు దిగాక అంతకుముందు సాఫీగా జరిగిన మెట్టు నుంచి మొదలుపెట్టండి. వారమైనా దిగకపోతే చూపించుకోవాలి.

దెబ్బను బట్టి మారేవి

ఏసీఎల్ కొత్తగా వేసినప్పుడు అతుకు అన్నిటికన్నా బలహీనంగా ఉండేది తొలి రోజుల్లో కాదు, సుమారు 6 నుంచి 12 వారాల మధ్య. పెట్టిన టెండన్‌లోకి కొత్త రక్తనాళాలు పాకి అది రూపం మార్చుకునే కాలం అది. సరిగ్గా అప్పుడే వాపు పోయి, నడక కుదిరి, మనిషికి అంతా బాగైనట్టు ఉంటుంది. తిరిగి తెగే కథలు చాలా ఇక్కడే మొదలవుతాయి. కుర్చీలో కూర్చుని బరువుతో కాలు చాపే మిషన్‌ను ఈ కాలంలో 90 నుంచి 45 డిగ్రీల మధ్యే వాడటం క్షేమం. చివరి 30, 40 డిగ్రీల్లో అతుకు మీద లాగుడు ఎక్కువ. తొడ వెనకనుంచి టెండన్ తీసి వేసి ఉంటే ఆ కండరానికి బలమైన వ్యాయామం ఎప్పుడు మొదలుపెట్టాలో విడిగా అడగండి.

మెనిస్కస్‌ను కత్తిరించి తీసేస్తే కోలుకోవడం త్వరగా జరుగుతుంది. కుడితే పద్ధతి పూర్తిగా వేరు. తొలి ఆరు వారాలు బరువు మోపి 90 డిగ్రీలు దాటి మడవద్దనీ, పాదం నేల మీద ఉంచి ఒళ్లు తిప్పొద్దనీ చాలామంది సర్జన్లు చెబుతారు. "వాళ్లకు రెండు వారాల్లో తగ్గింది, నాకెందుకు తగ్గలేదు" అని బాధపడేముందు ఎవరికి ఏం చేశారో కనుక్కోవాలి. ఎంసీఎల్ (మోకాలికి లోపలి పక్కనుండే లిగమెంటు) బెణికితే కాలిని పక్కకు లాగే కదలికలు, కాలికి బరువు కట్టి లోపలికి లేపడం కొన్నాళ్లు మానాలి. పీసీఎల్‌కు తొడ వెనక కండరంతో బలంగా మడవడం తొలినాళ్లలో నిషిద్ధం.

టెండన్ నొప్పి వేరే జాతి. దానికి విశ్రాంతితో తాత్కాలికంగా తగ్గి, పని పెట్టగానే తిరిగొచ్చే గుణముంది. చిప్ప కింద టెండన్‌కు గోడ కుర్చీ భంగిమలో 45 సెకన్లు కదలకుండా ఉండటం, ఐదుసార్లు, మధ్యలో రెండు నిమిషాల విరామంతో మొదలుపెట్టొచ్చు. మడమ టెండన్‌కు మడమలు మెల్లగా దించే వ్యాయామం 12 వారాల దాకా పడుతుంది. వీటిలో నొప్పి 4, 5 దాకా ఉన్నా మర్నాటికి దిగితే సరే.

ఎముక విరిగినప్పుడు బరువు పెంచడం ఎక్స్‌రే చూసి డాక్టరు చెప్పాకే. కాలి పెద్ద ఎముక అతుక్కోవడానికి మూడు నాలుగు నెలలు, ఒక్కోసారి ఇంకా ఎక్కువ పడుతుంది. పొగ తాగేవాళ్లకు మరీ ఆలస్యం.

పరుగు, ఆ తర్వాత

పరుగుకు తారీఖు కాదు, షరతులు ఉన్నాయి. మోకాల్లో నీరు ఉండకూడదు. మంచి కాలితో సమానంగా చాపగలగాలి. అరగంట వేగంగా నడిచినా కుంటు, మర్నాటి వాపు రాకూడదు. ఒక్క కాలి మీద 20 సార్లు మడమ ఎత్తగలగాలి, మోకాలు లోపలికి వాలకుండా పదిసార్లు ఒంటికాలి బస్కీ తియ్యగలగాలి. ఏసీఎల్ ఆపరేషన్ అయితే ఇవన్నీ ఉన్నా 12 వారాల లోపు పరిగెత్తరు. మొదటిరోజు 1 నిమిషం మెల్లగా పరుగు, 2 నిమిషాలు నడక, ఎనిమిది సార్లు, చదునైన నేల మీద. పల్లం వద్దు, దిగేటప్పుడు తొడ మీద దెబ్బ ఎక్కువ. రోజు విడిచి రోజు, రెండు విడతలు సాఫీగా గడిస్తే పరుగు నిమిషం పెంచండి.

దిశ మార్చుకుంటూ ఆడే ఆటలకు తిరిగి వెళ్లడానికి ఏసీఎల్ వాళ్లు కనీసం 9 నెలలు ఆగాలి. 2016లో వచ్చిన ఒక అధ్యయనంలో, 9 నెలల దాకా ఆలస్యం చేసిన ఒక్కో నెలకూ మళ్లీ దెబ్బ తగిలే రేటు దాదాపు సగం చొప్పున తగ్గింది. తొడ బలం, ఒంటికాలి గెంతు దూరం మంచి కాలిలో 90 శాతానికి చేరాలన్నది దానికి తోడు షరతు. మంచి కాలు కూడా ఈ నెలల్లో నీరసించి ఉంటుంది కాబట్టి ఆ 90 శాతం ఒక్కోసారి ఉత్తదే. గెంతి దిగేటప్పుడు మోకాలు లోపలికి పడుతోందో లేదో పక్కనున్నవాళ్ల చేత ఫోనులో వీడియో తీయించి నెమ్మదిగా నడిపి చూడండి. దూరం కన్నా అది ఎక్కువ చెబుతుంది.

గొంతుక్కూర్చోవడం అన్నిటికన్నా చివర. తలుపు చట్రమో గట్టి కడ్డీయో రెండు చేతులా పట్టుకుని, 45 సెంటీమీటర్ల స్టూలు మీద కూర్చుని లేవడం వచ్చాక 30, ఆపై 20 సెంటీమీటర్లకు దింపండి. ఒక్కో ఎత్తు దగ్గర కనీసం వారం ఉండాలి. కీలు వెనక నిండుగా, బిగిసినట్టు అనిపిస్తే లోపల ఇంకా నీరుందని అర్థం, అక్కడే ఆగాలి. మెనిస్కస్ కుట్టించుకున్నవాళ్లకు దీనికి నాలుగు నెలలు, ఒక్కోసారి ఆరు నెలలు కూడా పడుతుంది. అంతదాకా కిందపడ్డ వస్తువు తీసుకోవాలంటే దెబ్బ కాలు వెనక్కి చాపి, మంచి మోకాలు వంచి తీసుకోండి.